యూదు మతంలోకి మారడం గురించి అడిగారు కదా, నేను మారినదాన్నే, చెప్తాను

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ: హైదరాబాద్‌లో ఉంటారు, ఇంట్లో అందరూ క్రైస్తవులు, పాత నిబంధన చదివీ చదివీ యూదు మతం వైపు మనసు లాగుతోంది. ఇక్కడే ఉండి మారొచ్చా, మారితే ఇజ్రాయెల్ వెళ్లి స్థిరపడొచ్చా, అమ్మానాన్నలకు ఎలా చెప్పాలి అని అడిగారు.

నేను గుంటూరు లూథరన్ల ఇంటి పిల్లని. 1842లో హేయర్ దొర గుంటూరు వచ్చి మిషన్ మొదలుపెట్టాక, ఆ తర్వాతి తరాల్లో బాప్తిస్మం తీసుకున్న కుటుంబం మాది. పెదనాన్న పాస్టరు. నేను ఉద్యోగానికి న్యూజెర్సీ వచ్చి, ఒక యూదుణ్ణి రిజిస్టర్ పెళ్లి చేసుకుని, చాలా ఏళ్ల తర్వాత మారాను. పెళ్లి కోసం మారలేదని ముందే ఎందుకు చెప్తున్నానంటే ప్రతి రబ్బీ (యూదు మతగురువు) మొదట అడిగేది అదే. మా ఆయనకి నేను మారినా మారకపోయినా పట్టింపే లేదు, పైగా భర్త కూడా క్లాసులకి రావాలని మా రబ్బీ షరతు పెట్టడంతో చిన్నప్పుడు తప్పించుకున్న చదువంతా నా వల్ల మళ్లీ నెత్తిన పడిందని ఇప్పటికీ దెప్పుతుంటారు.

అసలు విషయానికొస్తే, మనకి చర్చిలో అలవాటైన పద్ధతిలో నమ్మకం ముందు వస్తుంది, సంఘం తర్వాత. గదిలో ఒక్కరే మోకరించి ప్రార్థన చేసుకుని రక్షణ పొందానని సాక్ష్యం చెప్పొచ్చు, ఏ చర్చిలో చేరాలో తర్వాత చూసుకోవచ్చు. యూదుల దగ్గర అది నడవదు. మీరు పుస్తకాలన్నీ చదివి, హీబ్రూ నేర్చుకుని, దేవుడు ఒక్కడే అని గట్టిగా నమ్మినా కూడా యూదులు అయిపోరు, ఒక సమాజం మిమ్మల్ని చూసి, తమతో కొన్నాళ్లు తిప్పుకుని, సరే రా అనాలి. పాత నిబంధనలో పరాయి జాతి నుంచి వచ్చిన రూతు కూడా అత్తతో ముందు నీ జనమే నా జనం అంటుంది, దేవుడి మాట ఆ తర్వాతే వస్తుంది, ఆ వరుస ఊరికే రాలేదని మా రబ్బీ షవువోత్ పండక్కి ఆ గ్రంథం చదివిన ప్రతిసారీ గుర్తుచేస్తారు. అందుకే ఎలా మారాలి అని కాకుండా ఎవరి మధ్య బతకబోతున్నాను అని మొదట తేల్చుకోండి.

దానికి హైదరాబాద్‌లో కష్టం. సామూహిక ప్రార్థనకి పది మంది ఉండాలి, ఆచారాలు కట్టుదిట్టంగా పాటించే ఆర్థడాక్స్ శాఖ వాళ్లకైతే పది మంది మగవాళ్లే ఉండాలి. కొచ్చిలో 1568లో కట్టిన పరదేశి సినగాగ్ (యూదుల ప్రార్థన మందిరం) ఇప్పటికీ ఉంది, టూరిస్టులు క్యూ కడతారు, అయితే అక్కడి యూదుల్లో ఎక్కువ మంది ఏనాడో ఇజ్రాయెల్ వెళ్లిపోయారు. ఇండియాలో కాస్త నిలకడగా ఉన్న సమాజమంటే ముంబై, ఠాణే చుట్టుపక్కల బెనె ఇజ్రాయెల్ వాళ్లే. వాళ్లు ఎవర్నీ మతం మార్చడానికి ఉత్సాహపడరు, అది వాళ్ల తప్పు కాదు, యూదుల పద్ధతే అంత. వచ్చినవాణ్ణి మూడుసార్లు వెనక్కి పంపాలనే ఆనవాయితీ ఉంది, పైగా యూదుడు కాని మనిషి నోవహు సంతతికి ఇచ్చిన ఏడు ఆజ్ఞలు పాటిస్తే చాలు, మారాల్సిన పనే లేదని వాళ్ల నమ్మకం. సువార్త పంచడం పుణ్యం అని పెరిగిన మనకి ఇది మొదట్లో అవమానంలా అనిపిస్తుంది.

మన దగ్గర చేబ్రోలు పక్కన కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిము వాళ్లున్నారు కదా అని అడుగుతారేమో. ఉన్నారు, 1990ల మొదట్నుంచి సినగాగ్ పెట్టుకుని షబ్బాత్ (శనివారపు విశ్రాంతి దినం) పాటిస్తున్న తెలుగు కుటుంబాలు. కానీ వాళ్లు తాము మతం మారామని అనరు, ఇశ్రాయేలు గోత్రాల్లో ఒకటైన ఎఫ్రాయిము గోత్రం వాళ్లమని, సొంత దారికి తిరిగొచ్చామని అంటారు. వెళ్లి కలవండి, మన భాషలో షబ్బాత్ చూడటం బావుంటుంది. కానీ బయటి రబ్బీలు ఒప్పుకునే మత మార్పిడి కావాలంటే మాత్రం అక్కడ దొరకదు. ఇశ్రాయేలు మనష్షే గోత్రం వాళ్లమని చెప్పే మణిపూర్, మిజోరంల బ్నెయ్ మెనాషె వాళ్లని 2005లో ఇజ్రాయెల్ ప్రధాన రబ్బీ గుర్తించాక అక్కడికి రబ్బీలు వచ్చి మార్పిడి మొదలుపెడితే భారత ప్రభుత్వం అభ్యంతరం చెప్పింది, ఆపేశారు. కాబట్టి చదువుకో, ఉద్యోగానికో బయటికి వెళ్లే ఆలోచన ఉంటే దాన్ని ముందుకు జరపండి.

ఇంకో విషయం, కోపం తెచ్చుకోకండి. మీ ప్రశ్నలో 'యేషువాని వదలకుండా', అంటే యేసుని నమ్ముతూనే, అని ఒక ముక్క ఉంది. అది కుదరదు. ఈ మధ్య మన పాస్టర్లు కొందరు యూట్యూబ్‌లో తల్లీత్ (యూదుల ప్రార్థన శాలువా) కప్పుకుని, షోఫార్ (పొట్టేలు కొమ్ము) ఊది, ఇదే అసలైన యూదు విశ్వాసం అంటున్నారు, చూడ్డానికి గంభీరంగానే ఉంటుంది. ఆర్థడాక్స్ నుంచి రిఫార్మ్ దాకా దేని మీదా ఒప్పుకోని యూదులందరూ ఒప్పుకునే మాట ఏదైనా ఉందంటే యేసుని మెస్సీయ అని నమ్మేది తమ మతం కాదనే. 1989లో ఇజ్రాయెల్ సుప్రీంకోర్టు కూడా అలాంటి వాళ్లకి, యూదులకి ఇజ్రాయెల్ పౌరసత్వం ఇచ్చే రిటర్న్ చట్టం వర్తించదని తేల్చేసింది. నాకు కష్టమైంది ఇక్కడే. సిద్ధాంతంగా వదిలేయడం తేలికే, కారు సడెన్‌గా బ్రేక్ వేసినప్పుడు నోట్లోంచి 'యేసయ్యా' అని రావడం మానడానికి చాలాకాలం పట్టింది. యెహోవా అని మనం ధారాళంగా పాటల్లో పాడే పేరుని వాళ్లు అసలు పలకరు, ఫోన్లో అమ్మ ప్రార్థన చేస్తుంటే పక్కన మా ఆయన ఉలిక్కిపడేవారు.

ఇక ఏ శాఖ అన్నది. అమెరికాలో ప్రధానంగా మూడు: ఆర్థడాక్స్, కన్జర్వేటివ్, రిఫార్మ్. ఆచారాల్లో ఎక్కువ కట్టుదిట్టంగా ఉండే శాఖ వాళ్లు తక్కువ ఉండే శాఖలో మారినవాళ్లని చాలాసార్లు ఒప్పుకోరు. అంటే నేను మా సినగాగ్‌లో నిక్షేపంగా యూదురాలిని, రెండు వీధుల అవతల ఆర్థడాక్స్ సినగాగ్‌లో కాదు. ఇది తెలిసే ఎంచుకున్నాను. ఆర్థడాక్స్‌లో మారాలంటే సినగాగ్‌కి నడిచి వెళ్లేంత దూరంలో ఇల్లు ఉండాలి, శనివారం కారు ఎక్కకూడదు కదా, ఆ చుట్టుపక్కల అద్దెలు చూస్తే కళ్లు తిరుగుతాయి. కన్జర్వేటివ్ వాళ్లు 1950లోనే సినగాగ్‌కి రావడానికి మాత్రం కారు నడపొచ్చన్నారు. తేలిగ్గా ఎక్కడ అవుతుందని వెతక్కండి, రేపు పిల్లలు పుడితే వాళ్లని ఎక్కడ పెంచుతారో అక్కడ మారండి.

ఇజ్రాయెల్ సంగతి కూడా దీంతోనే ముడిపడి ఉంది. 1950 నాటి రిటర్న్ చట్టం, 1970 సవరణ ప్రకారం మతం మారినవాళ్లూ యూదులే. విదేశాల్లో గుర్తింపు ఉన్న సమాజాల్లో మారినవాళ్లని, ఏ శాఖ అయినా సరే, పౌరసత్వానికి లెక్కలోకి తీసుకుంటారు. 2021 మార్చిలో సుప్రీంకోర్టు ఇజ్రాయెల్ లోపల జరిగే రిఫార్మ్, కన్జర్వేటివ్ మార్పిడులకీ అదే వర్తిస్తుందని తీర్పిచ్చింది. కానీ పౌరసత్వం వచ్చినంత మాత్రాన పెళ్లి కాదు. అక్కడ యూదుల పెళ్లిళ్లు ప్రధాన రబ్బీల కార్యాలయం చేతిలో ఉంటాయి, వాళ్లు ఆర్థడాక్స్‌నే ఒప్పుకుంటారు, సివిల్ మ్యారేజ్ లేదు కాబట్టి చాలామంది సైప్రస్ వెళ్లి చేసుకొస్తారు. నిజం చెప్పనా, వీసా ఆశతో వచ్చేవాళ్లని రబ్బీలు చాలా తొందరగా పసిగడతారు.

చదువు తక్కువలో తక్కువ ఒక ఏడాది, ఎందుకంటే పండగలన్నీ ఒక్కసారైనా వాళ్లతో గడపాలి. వాళ్ల క్యాలెండర్ మన పంచాంగం లాంటిదే, చాంద్రమానం, అధిక మాసం కూడా ఉంది, 19 ఏళ్లలో ఏడుసార్లు వస్తుంది, మా అమ్మమ్మ బతికుంటే నాకంటే త్వరగా పట్టేసేది. ప్రాయశ్చిత్త దినమైన యోం కిప్పూర్ నాడు సుమారు 25 గంటలు మంచినీళ్లు కూడా ముట్టకూడదు. తమాషా ఏంటంటే, మారకముందు షబ్బాత్ పూర్తిగా పాటించకూడదని పాత నియమం ఉంది, అందుకని చాలామంది ఆ రోజు చేయకూడని పనుల్లో ఒకటైన లైటు స్విచ్చు నొక్కడం కావాలనే ఒక్కసారైనా చేస్తారు.

వంటింటి గురించి ఎవరూ ముందు చెప్పరు, నేను చెప్తాను, ఎందుకంటే యూదు మతం సగం అక్కడే ఉంటుంది. పంది మాంసం మానడం ఏమంత కష్టం కాదు. కోడికూర తిన్నాక పెరుగన్నం లేకుండా లేవడం, అది కష్టం. మాంసం, పాలు కలపకూడదు, మాంసం తిన్నాక పాలు, పెరుగు ముట్టడానికి చాలామంది ఆరు గంటలు ఆగుతారు. దమ్ బిర్యానీకి కోడిని పెరుగులో నానబెట్టడం కుదరదు, నెయ్యీ కుదరదు, నేను కొబ్బరిపాలు, నిమ్మరసంతో చేస్తాను, బిర్యానీ అని పిలవడానికి మా తమ్ముడు ఒప్పుకోడు. చేపకి రెక్కలు, పొలుసులు రెండూ ఉండాలి, కాబట్టి కొరమీను ఉంది, పులస ఉంది, రొయ్యలు, పీతలు, జెల్లలు పోయాయి. గోంగూర రొయ్యల మీద ప్రాణం పెట్టుకున్నవాళ్లు ఒకటికి రెండుసార్లు ఆలోచించుకోండి. పస్కా పండగ ఎనిమిది రోజులూ అష్కెనజీ (ఐరోపా మూలాల యూదులు) వాళ్ల ఇళ్లల్లో పులిసిన గోధుమ పిండితో పాటు బియ్యం, పప్పులు, ఆవాలు కూడా నిషేధం, అంటే మనకి ఇంకేం మిగిలినట్టు? 2015లో కన్జర్వేటివ్ పండితులు ఆ బియ్యం, పప్పుల నిషేధాన్ని సడలించారు, ఆ నిర్ణయానికి మా ఇంట్లో నాకంటే సంతోషించినవాళ్లు లేరు.

చివర్లో జరిగేది మాత్రం చిన్నదే. బేత్ దీన్ అనే మత న్యాయసభగా ముగ్గురు కూర్చుంటారు. కంఠస్థం చేసిన జవాబులు అడగరు, ఎందుకు అని అడుగుతారు. యూదుల ప్రాచీన ధర్మగ్రంథం తల్మూద్‌లో కూడా మొదటి ప్రశ్న అదే, ఈ జనాన్ని లోకం ఇంతగా బాధపెడుతోంది కదా, తెలిసి తెలిసి ఎందుకు వస్తున్నావని. ఇది లాంఛనం కాదు. 2018 అక్టోబర్‌లో పిట్స్‌బర్గ్ సినగాగ్‌లో 11 మందిని కాల్చి చంపాక మా దగ్గర శనివారం గుమ్మంలో తుపాకీతో గార్డు ఉంటాడు, పిల్లల్ని ఆ గుమ్మంలోంచే లోపలికి పంపాలి. తర్వాత మిక్వే, అంటే వాననీటితోనో, ఊటనీటితోనో కలిసిన కొలను. ఒంటి మీద నూలుపోగు ఉండకూడదు, గాజులు, మెట్టెలు, గోళ్ల రంగు అన్నీ తీసేయాలి, తల వెంట్రుక కూడా పైకి తేలకుండా మునగాలి. లోపల ఒక ఆవిడ చూస్తుంది, రబ్బీలు తలుపు అవతల ఉండి నా దీవెనలు విన్నారు. మగవాళ్లకి ముందు సున్నతి, ఇదివరకే అయి ఉంటే లాంఛనంగా ఒక్క చుక్క రక్తం. కొత్త హీబ్రూ పేరుకి అబ్రాహాము, శారాల కూతురు అని చేరుస్తారు.

ఇది చదివే హిందూ మిత్రులకి ఒక మాట, కాగితాలు చూసుకోండి. హిందూ వారసత్వ చట్టం 26వ సెక్షన్ ప్రకారం మతం మారాక పుట్టిన పిల్లలకి హిందూ బంధువుల ఆస్తిలో వారసత్వం రాదు, వారసత్వం తెరుచుకునే నాటికి వాళ్లు హిందువులైతే తప్ప. ఎస్సీ హోదా 1950 ఉత్తర్వు ప్రకారం హిందువులు, సిక్కులు, బౌద్ధులకే. హిందూ వివాహ చట్టంలో మతం మారడం విడాకులకి ఒక కారణం. అలాగే ఇంట్లో విగ్రహారాధన విషయంలో మీకు నాకంటే టెన్షన్ ఎక్కువ. 2004లో ఒక పెద్ద ఆర్థడాక్స్ రబ్బీ, పెళ్లయిన ఆర్థడాక్స్ ఆడవాళ్లు జుట్టు కప్పుకోవడానికి పెట్టుకునే, తిరుమల తలనీలాలతో చేసిన విగ్గులు దేవుడికి అర్పించినవాటి కిందికే వస్తాయి, వాడకూడదని చెప్తే బ్రూక్లిన్‌లో ఖరీదైన విగ్గులు వీధిలో పోగేసి తగలబెట్టారు. సత్యనారాయణ వ్రతం ప్రసాదం దగ్గర మీ అత్తగారితో ఎలా నెగ్గుకొస్తారో రబ్బీతో ముందే మాట్లాడుకోండి.

అమ్మానాన్నల గురించి. మా అమ్మ మొదటి మాట: 'బాప్తిస్మం తీసుకున్నదానివి, మళ్లీ నీళ్లలో మునగడం ఏంటే?' పెదనాన్న కోప్పడలేదు, అది ఇంకా కష్టం, చర్చిలో నా పేరు ప్రార్థన మనవుల్లో పెట్టారు, గుంటూరంతా తెలిసిపోయింది. సిద్ధాంతం మీద వాదించి గెలుద్దామని చూడకండి, వాళ్లకి మీరు చెప్పేదంతా నరకానికి పోతానంటున్నట్టే వినిపిస్తుంది. ఏం మానను అన్నది చెప్పండి. నేను క్రిస్మస్‌కి వెళ్తాను, ఇంటి మీద స్టార్ కట్టడానికి నిచ్చెన పట్టుకుంటాను, అమ్మతో చర్చికి వెళ్లి వెనక బెంచీలో కూర్చుంటాను, బల్ల (ప్రభువు బల్ల, రొట్టె ద్రాక్షారసం) మాత్రం తీసుకోను. రబ్బీని అడిగితే తల్లిని సన్మానించమన్న ఆజ్ఞ మారినంత మాత్రాన రద్దవదని, అక్కడ ఆరాధనలో పాల్గొనకుండా ఆవిడ పక్కన ఉండమని చెప్పారు. అమ్మ రెండేళ్లు బల్ల సమయంలో నావైపు చూసి ఏడ్చింది, ఇప్పుడు ఏడవడం మానేసి పక్కింటావిడకి 'దానికి పడదులే' అని చెప్తోంది, మందులు వాడుతున్నాననుకుంటున్నారు వాళ్లు.

మీ వాళ్లకి రబ్బీని కలవకముందే చెప్పండి. ఎందుకంటే మొదటి మీటింగ్‌లోనే ఆయన మీ ఇంట్లో తెలుసా అని అడుగుతారు, తెలీదంటే మళ్లీ రమ్మని పంపేస్తారు.