సౌండ్, ఎడిటింగ్ రెండింటినీ ఒకరే వృత్తిగా చేపట్టవచ్చా?

గుంటూరులో డిగ్రీ చదువుతూ సినిమాల్లో ఈ రెండు రంగాలనూ కోరుకోవడం అత్యాశేమీ కాదు. హాలీవుడ్ ఎడిటర్, సౌండ్ డిజైనర్ వాల్టర్ మర్చ్ 1997లో ‘ది ఇంగ్లిష్ పేషెంట్’ చిత్రానికి ఎడిటింగ్, సౌండ్ రెండు విభాగాల్లోనూ ఆస్కార్ అందుకున్నారు. అటువంటివారు అరుదనుకోండి. షాట్‌కు ముందు కొట్టే క్లాప్ బోర్డు చెక్కలు తాకిన ఫ్రేమును (ఒక్క బొమ్మను), ‘టప్’మన్న ఆ చప్పుడును ఒకచోటికి చేర్చడంతో ఎడిటింగ్ పని మొదలవుతుంది, సెకనుకు 24 ఫ్రేముల లెక్కలో నాలుగైదు ఫ్రేములు అటూఇటూ జరిగినా పెదవులకూ మాటకూ పొంతన కుదరదు. పుణెలోని ప్రభుత్వ సినిమా శిక్షణ సంస్థ ఎఫ్‌టీఐఐలో రెండింటికీ వేర్వేరు కోర్సులున్నాయి. సౌండ్ కోర్సుకు ఇంటర్‌లో ఫిజిక్స్ అవసరం కనుక, ఆర్ట్స్ గ్రూపువారు ముందు ఎడిటింగులో చెయ్యి తిరిగేలా సాధన చేయడమే నయమని నా అభిప్రాయం. విజయవాడ గాంధీనగర్‌లో సినిమా పంపిణీ కార్యాలయాలున్నా, పోస్ట్ ప్రొడక్షన్ (షూటింగ్ తర్వాతి) పని ఎక్కువగా దొరికేది హైదరాబాద్‌లోనే.