ఎడారి చుంచు ఎలుక జాతిదేనా?

అమెరికా ఎడారుల్లో నాలుగైదు గ్రాముల బరువుండే ఎడారి చుంచు, ఎలుకల వర్గంలోకి వస్తుందా, మన ఇళ్లలో తిరిగే చుంచుతో దానికి చుట్టరికం ఎంత అని అడిగారు. ఎలుకల వర్గంలోకి రాదు. మన చుంచుకు మాత్రం అది దూరపు బంధువు.

నేను నెల్లూరు జిల్లా కావలిలో ఇంటర్ విద్యార్థులకు జంతుశాస్త్రం చెప్పేవాణ్ణి. చేరిన కొత్తలో, ఇంట్లో అందరం చుంచెలుక అనే పిలుస్తాం కనుక, ఏ అనుమానమూ లేకుండా దాన్ని ఎలుకలతో కలిపి చెప్పేశాను. ఆ ఏడాదే వడ్ల బస్తాల వెనక ఎండిపోయిన చుంచు ఒకటి దొరికితే, పుర్రెను శుభ్రం చేసి భూతద్దం కింద పెట్టాను. ఎలుకకు ముందు పళ్లకూ దవడ పళ్లకూ నడుమ పళ్లు లేని ఖాళీ ఉంటుంది. దీనికి ఆ ఖాళీ లేదు. కొక్కెంలా వంగిన ముందు పళ్ల వెనకనుంచే మొనదేలిన చిన్న పళ్లు వరుసగా ఉన్నాయి. గింజలు కొరికే నోరు కాదది, బొద్దింకల పెంకు పగలగొట్టే నోరు. మరుసటి రోజు ఆ పుర్రెనే తరగతికి తీసుకెళ్లి నా తప్పు దిద్దుకున్నాను. (కంపు చూసి ముందు బెంచీలు ఖాళీ అయ్యాయి.)

చుంచులన్నీ సోరిసిడే కుటుంబానికి చెందుతాయి. పూర్వం కీటకాలు తినే చిన్న జంతువులెన్నింటినో ఇన్సెక్టివోరా అనే ఒకే క్రమంలో, అంటే కుటుంబంకంటే పెద్ద విభాగంలో, కుక్కేవారు. డీఎన్ఏ పరిశీలనలతో అది విడిపోయి, చుంచులు ఇప్పుడు నేల తవ్వే మోల్, ఒంటినిండా ముళ్లుండే హెడ్జ్‌హాగ్‌లతో కలిసి యూలిపోటిఫ్లా క్రమంలో ఉన్నాయి. ఆఫ్రికాలోని ఏనుగు చుంచు, పేరులో చుంచు ఉన్నా, ఏనుగుల వైపు బంధువని తేలి బయటికి పోయింది.

మీరడిగిన జీవి శాస్త్రీయ నామం నోటియోసోరెక్స్ క్రాఫర్డీ. దీన్ని 1877లో అమెరికా ప్రకృతి శాస్త్రవేత్త ఎలియట్ కూస్ వర్ణించారు. దీని పళ్ల కొనలు ఎర్రగా ఉంటాయి, పంటి పైపొర అయిన ఎనామెల్‌లో చేరిన ఇనుము వల్ల. మన చుంచు, అంటే సంకస్ మ్యురినస్, పళ్లు పూర్తిగా తెల్లన. అందుకే కుటుంబం ఒకటే అయినా ఉపకుటుంబాలు వేరు: ఎడారిది సోరిసినే, మనది క్రోసిడ్యురినే. పళ్ల లెక్కలోనూ తేడా ఉంది, ఎడారి చుంచుకు 28, మనదానికి 30.

పాత పుస్తకాల్లో ఎడారి చుంచును ఒకే జాతిగా చూసినవారు కొంచెం జాగ్రత్తపడాలి. 2000లో మెక్సికోలోని ఎడారి చుంచుల్లో ఎవోటిస్ అనేదాన్ని వేరు జాతిగా గుర్తించి, విల్లాయ్‌ని కొత్తగా వర్ణించారు. 2003లో ఆరిజోనా ప్రాంతపు చుంచుల్లోంచి డీఎన్ఏ ఆధారంగా కాక్రమీ అనే జాతి బయటపడింది. పైకి చూస్తే వీటిని వేరుచేయడం చాలా కష్టం.

నీళ్లు తాగకపోయినా ఎడారి చుంచు తాను తినే పురుగుల్లోని తడితోనే బతకగలదు. ఎండ తగలకుండా తరచుగా అడవి ఎలుకలు పుల్లలతో కట్టిన గూళ్లలో తలదాచుకుంటుంది. ఎలుక గూట్లో కాపురముంటుంది కాబట్టే, ఎలుకేనేమో అన్న సందేహం మరింత సహజంగా కలుగుతుంది.