ప్రశ్నలు – జవాబులు: మాటలు లేని సినిమాకు రచయిత్రి

ప్రశ్న: ఇటీవల మిత్రులం కొందరం కలిసి ఫ్రెంచి దర్శకురాలు జెర్మేన్ దులాక్ 1923 నాటి మూకీ చిత్రం ఒకటి చూశాము. ఆమె తొలి చిత్రాలకు ఇరేన్ హిల్లెల్ ఎర్లాంజే అనే ఆవిడ కథలు రాశారని విన్నాను. మాటలే లేని సినిమాకు రచయిత్రి చేసే పని ఏమిటి? ఆవిడ కుటుంబంలో ఇంకెవరికైనా సినిమాతో సంబంధం ఉందా?
– ఒక పాఠకురాలు, బ్రాడీపేట, గుంటూరు

జవాబు: మన ప్రాంతంలో మూకీలు ఆడిన రోజుల్లో తెర పక్కన ఒకాయన కర్ర పట్టుకుని నిలబడి, బొమ్మలను చూపిస్తూ కథ చెప్పేవాడని పెద్దల నోట మీరు వినే ఉంటారు. ఆయనకు చెప్పడానికి కథంటూ ఉండాలంటే, ఏ దృశ్యం తరవాత ఏది రావాలో, పాత్ర మనసులోని మాట ఏ చూపులో ఏ వస్తువులో కనబడాలో, ఎక్కడ బొమ్మను ఆపి తెర మీద రెండు వాక్యాల అక్షరాలు వేయక తప్పదో ముందుగా ఎవరో ఒకరు కాగితం మీద పెట్టి ఉండాలి. భర్తకు అనుమానం కలిగిందన్న సంగతి నాటకంలో ఒక్క మాటతో తేలిపోతుంది. మూకీలో అయితే ఆ భర్త ఇంట్లో అడుగుపెట్టి, కొక్కేనికి తనది కాని టోపీ వేలాడుతుండటం చూసి, తన టోపీ తీయడం మరిచి అక్కడే నిలబడిపోవాలి. ఆ టోపీని ఆలోచించి పెట్టేది రచయితే.

ఫ్రాన్సులో ఈ పనికి గుర్తింపు లేకపోలేదు. ఫ్రెంచి అకాడమీ సభ్యుడు ఆన్రీ లావెదాన్ 1908లో ఒక చారిత్రక చిత్రానికి కథ రాయగా, ఆయన ప్రతిష్ఠ ఆ చిత్రానికి పెద్ద ఆకర్షణ అయింది. ఇరేన్‌కు అంతటి పేరు దక్కలేదు, కొంత ఆమె కోరి దాచుకున్నదే. 1878లో పుట్టి, స్వరకర్త కమీల్ ఎర్లాంజేను పెళ్ళాడిన ఆమె క్లోద్ లోరే అనే కలం పేరుతో కవిత్వం రాశారు. క్లోద్ అన్నది ఆ భాషలో ఆడవారికీ మగవారికీ చెల్లే పేరు కనుక, చదివినవారికి రాసింది ఎవరో పోల్చుకునే వీలు లేదు. మొదటి ప్రపంచ యుద్ధం జరుగుతుండగా ఆమె దులాక్‌తో కలిసి డి.హెచ్. ఫిల్మ్స్ అనే నిర్మాణ సంస్థ పెట్టారు. డి అంటే దులాక్, హెచ్ అంటే హిల్లెల్. ఆ సంస్థ తొలి చిత్రం ‘లే సర్ ఎన్నెమీ’కి, అంటే పగబట్టిన అక్కచెల్లెళ్ళకు, కథ ఇరేన్‌దే. చరిత్ర పుస్తకాలు దులాక్‌కు అధ్యాయాలు కేటాయించి ఈమెను ఒక వాక్యంతో సరిపెట్టడం నా దృష్టిలో న్యాయం కాదు.

1919లో ‘కెలైడోస్కోప్‌లో ప్రయాణాలు’ అనే అర్థం వచ్చే పేరుతో ఆమె ఒక నవల ప్రచురించారు. చిత్రమైన దృశ్య యంత్రాన్ని కనిపెట్టిన ఒకాయన చుట్టూ తిరిగే ఆ కథలో అచ్చు అక్షరాల అమరికతో కూడా ఆటలాడారు. తెర కోసం రాసిన చెయ్యి అక్కడ తెలిసిపోతుంది. మరుసటి ఏడాదే, 1920లో, ఆమె కన్నుమూశారు. ఆమె కథతో దులాక్ తీసిన ‘లా బెల్ దామ్ సాన్ మెర్సీ’ 1921లో విడుదలైంది. మన విజయవాడలో మారుతి సినిమా హాలు వెలసింది కూడా ఆ ఏడాదే.

ఇక కుటుంబం సంగతి. 1938లో వెనిస్ చిత్రోత్సవంలో బహుమతుల తీర్పు రాజకీయపు ఒత్తిడికి లొంగడం చూసి, ఫ్రాన్సుకు సొంత చిత్రోత్సవం కావాలని తలపెట్టి కేన్స్ ఉత్సవానికి బీజం వేసిన ఫిలిప్ ఎర్లాంజే ఆమె కొడుకే.