వాకర్ ఎక్కడ నడిచాడు?

చి. మాధవికి,

వాకర్ అనే ఇంటిపేరు మీద నువ్వు రాసిన వ్యాసం చదివాను. జానీ వాకర్ సీసా మీద టోపీ పెట్టుకుని నడిచే బొమ్మతో మొదలుపెట్టడం బాగుంది. అది తెలియనివాళ్లు మనలో తక్కువే, తాగనివాళ్లతో సహా. కానీ రెండో పేరాలోనే వాకర్ అంటే నడిచేవాడనీ, వాళ్ల పూర్వీకులు ఊళ్లు తిరిగే బాటసారులనీ తేల్చేశావు. ఆ బొమ్మ 1908లో టామ్ బ్రౌన్ అనే కార్టూనిస్టు, వాకర్ అన్న పేరు మీద చమత్కారంగా వేసింది. 1820లో స్కాట్లాండులోని కిల్మార్నాక్‌లో కిరాణా కొట్టు పెట్టిన జాన్ వాకర్ ఇంటిపేరుకు దాన్ని సాక్ష్యంగా తీసుకుంటే ఎలా?

వాకర్ అడుగులు వేసిన మాట నిజమే. రోడ్డు మీద కాదు, తొట్టిలో. మగ్గం మీంచి దిగిన ఉన్ని బట్ట వదులుగా, జిడ్డుగా ఉంటుంది. దాన్ని తొట్టిలో వేసి, నీళ్లూ మురగబెట్టిన మూత్రమూ పోసి, జిడ్డు పీల్చే మట్టి కలిపి గంటల తరబడి కాళ్లతో తొక్కేవారు. పోగులు ఒకదాన్నొకటి పెనవేసుకుని బట్ట కుంచించుకుపోయి దట్టంగా తయారయ్యేది. ఆ తొక్కేవాడే వాకర్. మూత్రం సంగతి మొహమాటపడి వదిలెయ్యకు. జిడ్డు వదిలించేది అందులోంచి వచ్చే అమ్మోనియానే. రోమ్ చక్రవర్తి వెస్పాసియన్ దాని మీద పన్ను కూడా వేశాడు. ఇక ఆ మట్టిని ఇంగ్లీషులో ఫుల్లర్స్ ఎర్త్ అంటారు. నువ్వు మొహానికి పట్టించే ముల్తానీ మట్టి ఆ రకానిదే.

పాత ఇంగ్లీషులో వాక్ అనే మాటకి దొర్లించడం, అటూ ఇటూ ఎగరెయ్యడం అని అర్థం. నడవడం అనే అర్థం 13వ శతాబ్దం ప్రాంతంలో స్థిరపడింది. జర్మన్‌లో వాల్కెన్ అంటే నేటికీ ఉన్ని బట్టని ఇలా దట్టం చెయ్యడమే. అంటే నువ్వు కొత్త అర్థం పట్టుకుని పాత పేరుని వివరించావు. ఇంటిపేర్ల మీద రాసేవాళ్లలో చాలామంది పడే గొయ్యి ఇదే. మాట నేడు ఎలా వినిపిస్తుందో పక్కన పెట్టి, ఆ పేరు పుట్టిన కాలంలో ఆ మనిషి పొద్దున లేచి ఏం చేసేవాడో వెతుకు.

అదే పనికి ఇంకో రెండు పేర్లున్నాయి, వాటిని నువ్వు ముట్టుకోనే లేదు. ఇంగ్లండు ఉత్తరాన, మధ్య జిల్లాల్లో వాకర్, ఆగ్నేయాన ఫుల్లర్, నైరుతిలో డెవన్ వైపు టకర్. ఎక్సెటర్‌లో టకర్స్ హాల్ అని ఆ వృత్తిసంఘం కట్టుకున్న భవనం ఇప్పటికీ ఉంది. 12వ శతాబ్దం చివరికే ఇంగ్లండులో నీటి చక్రంతో తిరిగే మరలు వచ్చి, కాళ్ల పని కొయ్య సుత్తులు అందుకున్నాయి. పేరు మాత్రం పోలేదు, మర నడిపేవాడూ వాకరే. వేల్స్‌లో ఆ మరని పాండీ అంటారు. టోనీపాండీ అనే ఒకప్పటి గని ఊరి పేరులో ఉన్నది అదే.

నీ వ్యాసంలో డిక్షనరీ ఉంది, మనుషులు లేరు. స్కాట్లాండుకి పడమటనున్న హెబ్రిడీస్ దీవుల్లో 20వ శతాబ్దంలోనూ ఆడవాళ్లు ఈ పని చేశారు. పొడవాటి బల్లకి రెండు వైపులా కూర్చుని, తడి బట్టని బల్లకేసి కొడుతూ పక్కావిడ వైపు జరిపేవారు. ఒకామె పాట ఎత్తుకుంటే మిగతావాళ్లు అందుకునేవారు. ఆ పాటల రికార్డింగులు దొరుకుతాయి, ఒకటి రెండు విని ఆ పేరా మళ్లీ రాయి.

తొక్కిన బట్టని టెంటర్ అనే చట్రానికి కొక్కేలతో బిగలాగి ఆరబెట్టేవారు. ఇంగ్లీషువాళ్లు ఎదురుచూపుల్లో ఉగ్గబట్టుకుని ఉండడాన్ని ఆ కొక్కేల మీద ఉండడం అంటారు. సాగదీయడం అనే లాటిన్ మాటలోంచే టెంటరూ, మనం రోజూ పడే టెన్షనూ వచ్చాయి. ఇది పెట్టుకో, పాఠకులకి నచ్చుతుంది.

ఒక జాగ్రత్త. పేరు ఎలా పుట్టిందో చెప్పగానే మనిషి వంశం చెప్పేసినట్టు రాయకు. అమెరికాలో చాలా నల్లజాతి కుటుంబాలకి వాకర్ లాంటి పేర్లు బానిసత్వం రోజుల్లో యజమానుల నుంచి వచ్చాయి, లేదా విడుదలయ్యాక వాళ్లే పెట్టుకున్నారు. జుట్టు నూనెల వ్యాపారంతో పేరుపొందిన మేడమ్ సి.జె. వాకర్ 1867లో లూసియానాలో సారా బ్రీడ్‌లవ్‌గా పుట్టింది. వాకర్ ఆమె భర్త ఇంటిపేరు. ఆమె కథలో ఇంగ్లండు తొట్టి కోసం వెతకడం అనవసరం.

చివర మన ఇంటిపేర్లతో పోల్చిన పేరా తీసెయ్. ఊరి పేర్లన్నీ వరసపెట్టావు గానీ వాకర్‌కి వాటితో పనేముంది? వెబ్‌స్టర్, బాక్స్టర్‌లనీ ఇందులో ఇరికించకు. ఆ 'స్టర్' మొదట్లో పనిచేసే ఆడవాళ్లకి చేర్చిన తోక. నేసే ఆమె వెబ్‌స్టర్, రొట్టెలు కాల్చే ఆమె బాక్స్టర్. తర్వాత మగవాళ్లకీ అంటింది. దానికి వేరే వ్యాసమే కావాలి. ముందు దీన్ని సరిచేసి పంపు.

ఆశీస్సులతో,
బాబాయ్