త్రీ నాట్ త్రీ మొదలు పి.యు. దుర్భిణి దాకా: స్నైపర్లపై పాఠకుల ప్రశ్నలు

రెండో ప్రపంచ యుద్ధం నాటి స్నైపర్ల (చాటు నుంచి గురిచూసి కాల్చే సిపాయిల) మీద చాలా ఉత్తరాలు వచ్చాయి. ఒకే సంగతి అడిగినవాటిని కలిపి జవాబిస్తున్నాం. ‘ఎవరు ఎంతమందిని చంపారు’ అన్న లెక్కలు అడిగినవాళ్లు నిరాశపడక తప్పదు. ఆ అంకెల కన్నా తుపాకీ మీద దుర్భిణి ఎలా నిలిచిందన్నదే చెప్పుకోదగ్గ విషయం.

ప్రశ్న: రష్యన్ స్నైపర్లు వాడింది మామూలు సిపాయి తుపాకీయేనా? ప్రత్యేకంగా చేసిందా? (కాకినాడ)

జవాబు: సిపాయిదే. మోసిన్-నాగాంట్ 91/30. 1891 నాటి నమూనాను 1930లో సవరించారు కాబట్టి ఆ పేరు. గుండు 7.62 మి.మీ., లోపలి మ్యాగజైన్‌లో (తూటాల అరలో) ఐదు తూటాలు. ఫ్యాక్టరీలో గురి బాగా కుదిరిన తుపాకుల్ని వేరు చేసి, వాటికి దుర్భిణి బిగించేవారు.

దుర్భిణి పెట్టగానే రెండు చిక్కులు వచ్చిపడ్డాయి. మోసిన్ బోల్ట్ (తూటాను లోపలికి తోసే కడ్డీ) పిడి పక్కకి అడ్డంగా, వంపు లేకుండా ఉంటుంది. బోల్ట్ పైకి తిప్పితే అది పోయి దుర్భిణికి తగులుతుంది. అందుకని పిడిని పొడుగు చేసి కిందికి వంచారు. పాత ఫోటోల్లో స్నైపర్ తుపాకీని గుర్తుపట్టడానికి ఈ వంపే ఆనవాలు. రెండో చిక్కు ఇంకా పెద్దది. మామూలు సిపాయి ఐదు తూటాల క్లిప్పును పైనుంచి దించి ఒక్క నొక్కుతో మ్యాగజైన్ నింపుకుంటాడు. స్నైపర్‌కి ఆ దారిలో దుర్భిణి అడ్డం. ఒక్కో తూటా చేత్తో పెట్టుకోవాలి. చలికి మొద్దుబారిన వేళ్లతో ఆ పని ఎలా ఉంటుందో ఊహించుకోండి.

దుర్భిణుల్లో ముందు వచ్చింది పి.ఇ., నాలుగు రెట్లది. దానికి కంటికి తగ్గట్టు ఫోకస్ తిప్పుకునే రింగు ఉండేది. ఆ రింగు సందులోంచి తేమ లోపలికి దిగేది. తర్వాతి పి.ఇ.ఎం.లో రింగే తీసేశారు. 1942 నుంచి ఎక్కువగా కనిపించేది పి.యు., మూడున్నర రెట్లది. బరువు సుమారు 270 గ్రాములు, అంటే పి.ఇ. బరువులో సగం కూడా లేదు. నిజానికి దాన్ని చేసింది ఎస్.వి.టి.-40 అనే సెమీ ఆటోమేటిక్ తుపాకీ కోసం. ఆ తుపాకీ గుళ్లు నిలువునా చెదిరిపోతున్నాయని స్నైపర్ రకం తయారీని 1942లో ఆపేసి, అదే దుర్భిణిని పాత మోసిన్‌కి తగిలించారు. కొత్త తుపాకీ ఉండగా పాతదాన్నే ఎందుకు పట్టుకున్నారని విజయనగరం నుంచి అడిగినవారికీ ఇదే సమాధానం.

పి.యు. బిగింపు చూడ్డానికి మొరటు, పనిలో గట్టి. రిసీవర్ (బోల్ట్ ఆడే తుపాకీ మధ్య భాగం) ఎడమ పక్కన ఒక ఇనుప దిమ్మ, రెండు మరలతో. దాని ముందు కొసన గోళీలాంటి బంతి మీద దుర్భిణి పట్టీ కూర్చుంటుంది. వెనక కొసన పైనొకటి, కిందొకటి ఎదురెదురు మరలు. ఒకటి వదులు చేసి రెండోది బిగిస్తే దుర్భిణి మూతి పైకో కిందికో కదులుతుంది. పక్కలకు సరిచేయడానికి మాత్రం మర లేదు, లోహాన్ని ఆకురాయితో అరగదీయాల్సిందే. అది ఆర్మరర్ (తుపాకులు బాగుచేసేవాడి) పని, సిపాయి చేయి పెట్టకూడదు.

ఇంత తంటా ఎందుకంటే, పి.యు.లో డ్రమ్ము (గురి సరిచేసే గుండ్రటి బిరడా) తిప్పితే గురి చూసే లోపలి గీతలే స్థానం మారతాయి. బిగింపు వంకరగా ఉంటే గీతలు వృత్తం మధ్యలో కాక మూలకి పోతాయి. కొత్తవాళ్లు దుర్భిణి చెడిపోయిందనుకునేవారు. చెడింది అద్దం కాదు, దిమ్మ కూర్చోబెట్టిన తీరు. పై డ్రమ్ము మీద 1 నుంచి 13 దాకా అంకెలుంటాయి, ఒక్కోటి వంద మీటర్లు. మరల్లో కాస్త వదులు ఉంటుంది కాబట్టి 5 నుంచి 3కి తిప్పాల్సి వస్తే, 3 దాటించి మళ్లీ వెనక్కి తేవాలి. ఎప్పుడూ ఒకే దిక్కు నుంచి వచ్చి ఆగితే ఆ వదులు వల్ల వచ్చే తేడా పోతుంది.

దుర్భిణి ఎత్తులో ఉండటం మరో లోపం. భుజానికి ఆనించే తుపాకీ మడమకు చెంప ఆనదు, గడ్డం మాత్రమే ఆనుతుంది. కన్ను ప్రతిసారీ ఒకేచోట నిలవదు. కన్ను పక్కకి జరిగితే అద్దం అంచున నెలవంకలా నల్లని నీడ పడుతుంది. నీడ కుడివైపు ఉంటే గుండు ఎడమకి పోతుంది. నీడ పోయేదాకా తల సర్దుకోవాలే తప్ప ట్రిగ్గర్ తాకకూడదు.

ప్రశ్న: ఎన్.సి.సి.లో .303 పేల్చాను. బ్రిటిష్ స్నైపర్లదీ .303 అని చదివాను. రెండూ ఒకటేనా? (హన్మకొండ)

జవాబు: తూటా ఒకటే, తుపాకీ కుటుంబం ఒకటే. మన పోలీసు స్టేషన్లలో ఏళ్ల తరబడి గోడకి ఆనించి కనిపించిన త్రీ నాట్ త్రీ కూడా ఆ లీ-ఎన్‌ఫీల్డ్ వంశమే. మన దగ్గర ఎక్కువగా తిరిగింది ఇషాపూర్‌లో తయారైన నంబర్ 1 మార్క్ 3 రకం. స్నైపర్లది దాని తర్వాతి తరం: నంబర్ 4 మార్క్ 1 (టి). ఆ ‘టి’ టెలిస్కోప్‌ది.

పరీక్షలో గురి బాగా నిలిచిన నంబర్ 4 తుపాకుల్ని లండన్‌లోని హాలండ్ అండ్ హాలండ్‌కి పంపేవారు. వేట తుపాకులకు పేరుమోసిన సంస్థ అది. అక్కడ రిసీవర్ ఎడమ పక్కన రెండు ఉక్కు దిమ్మలు అమర్చి, వాటికి సరిపోయేలా బ్రాకెట్‌ను కూర్చోబెట్టేవారు. బ్రాకెట్‌ను రెండు పెద్ద బొటనవేలి మరలతో పట్టాలి, విప్పాలి. మడమ మీద చెంప ఆనడానికి చెక్కదిమ్మ ఒకటి అదనం. మోసిన్‌లో లేని సుఖం ఇదే.

దుర్భిణి పేరు నంబర్ 32, మూడు రెట్లది. మొదట బ్రెన్ గన్ అనే మెషిన్ గన్ కోసం అనుకున్నది కాబట్టి గట్టిగా, బరువుగా ఉంటుంది. బ్రాకెట్‌తో కలిపి కిలో దాకా తూగుతుంది. ఏ తుపాకీకి అమర్చిన దుర్భిణి ఆ తుపాకీదే. అందుకే దుర్భిణి నంబరును తుపాకీ కర్ర మీద, మణికట్టు భాగంలో కొట్టేవారు. డిపోలో ఎవరైనా రెండింటిని తారుమారు చేశారంటే గురి గల్లంతే. ఇక ముందు దిమ్మ మరలు వదులవడం పాత జబ్బు. నిన్నటిదాకా బాగా కొట్టిన తుపాకీ ఈరోజు తప్పుతుంటే, కన్ను మీద కాదు, ముందు ఆ మరల మీద అనుమానపడాలి.

మీరు ఎన్.సి.సి.లో చూసే ఉంటారు, .303 తూటాకి అడుగున అంచు బయటికి పొడుచుకొచ్చి ఉంటుంది. స్నైపర్ క్లిప్పు వాడలేడు కాబట్టి పది తూటాలూ ఒక్కొక్కటే పెట్టాలి. పై తూటా అంచు కింది తూటా అంచుకి ముందు పడాలి. వెనక పడితే రెండూ కొక్కెం వేసుకుంటాయి, బోల్ట్ తోసినా తూటా కదలదు. మోసిన్ తూటాకీ అంచు ఉంది. కానీ అందులో కింది తూటాను ఆపి పట్టే రేకు ఒకటుంటుంది కాబట్టి ఆ బెడద తక్కువ.

శుభ్రం చేయడం గురించి ఒక మాట. ఆనాటి తూటాల క్యాపులో (మందును అంటించే అడుగు బిళ్లలో) పొటాషియం క్లోరేట్ ఉండేది. పేలాక బ్యారెల్‌లో మిగిలేది ఉప్పులాంటి పదార్థం. అది గాలిలోని తేమను పీల్చి తుప్పు పట్టిస్తుంది. నూనె ఉప్పును కరిగించదు, కాబట్టి ఎంత నూనె రాసినా లాభం లేదు. గరాటు పెట్టి మరుగుతున్న నీళ్లు పోసి కడిగి, తుడిచి, ఆ తర్వాతే నూనె. మళ్లీ కాల్పులకు వెళ్లేముందు ఆ నూనె పూర్తిగా తుడిచేయాలి. నూనె తడి ఉన్న బ్యారెల్ నుంచి మొదటి గుండు దాని దారిన అది పోతుంది, పైగా పొగ లేస్తుంది. స్నైపర్‌కి తరచు దొరికేది ఆ మొదటి గుండు ఒక్కటే.

ప్రశ్న: ఫిన్లాండ్ స్నైపర్ సిమో హాయ్‌హా దుర్భిణి లేకుండానే కాల్చాడంటారు. నమ్మొచ్చా? (నెల్లూరు)

జవాబు: నమ్మొచ్చు. సోవియట్ యూనియన్‌తో 1939 నవంబరు 30న మొదలై 1940 మార్చి 13న ముగిసిన శీతాకాల యుద్ధంలో, కోల్లా అనే చోట అతను వాడింది ఎం 28-30 రైఫిల్. మోసిన్‌నే ఫిన్లాండ్‌వాళ్లు తమకు తగ్గట్టు బాగుచేసుకున్న రూపం అది. దుర్భిణి లేదు, ఇనుప గురి మాత్రమే. శత్రువు తూటాలు కూడా అందులో పట్టేవి. మార్చి 6న దవడకు గుండు తగిలి పడిపోయాడు, కానీ బతికాడు. 2002లో 96వ ఏట పోయాడు.

దుర్భిణి వద్దనుకోవడంలో మొండితనం ఏమీ లేదు. ఇనుప గురితో కాల్చేవాడి తల కొన్ని సెంటీమీటర్లు కిందుంటుంది. ఆ యుద్ధంలో బతుకు, చావు ఆ కొన్ని సెంటీమీటర్లలోనే ఉండేవి. అక్కడి శీతాకాలంలో సూర్యుడు దిగువనే తిరుగుతాడు, అద్దం తళుక్కుమంటుంది. గడ్డకట్టే చలిలో ఊపిరి తగిలితే అద్దం మీద మంచుపొర పేరుకుంటుంది. చలిలోంచి తెచ్చిన తుపాకీని వెచ్చని బంకర్‌లోకి తీసుకెళ్తే ఇంకా అన్యాయం. ఫ్రిజ్‌లోంచి తీసిన చెంబులా ఒళ్లంతా చెమట పడుతుంది, మళ్లీ బయటికి తెస్తే ఆ తడి బోల్ట్‌లో మంచుగడ్డై బిగుసుకుంటుంది. అందుకని తుపాకీని బయటే, కప్పు కింద వదిలేయాలి. బోల్ట్‌లోని నూనె పూర్తిగా తుడిచేయాలి, ఎందుకంటే చలికి అది జిగురై పిన్ను దెబ్బ బలం తగ్గిపోతుంది. తూటాలోని మందు కూడా చలిలో నెమ్మదిగా మండుతుంది, గుండు అనుకున్నదానికన్నా కింద తగులుతుంది. కాబట్టి వేసవిలో సరిచేసుకున్న గురి చలికాలంలో పనికిరాదు.

ప్రశ్న: కనపడకుండా దాక్కున్న స్నైపర్‌ని ఎదుటివాళ్లు ఎలా పట్టేవారు? (ఆదోని)

జవాబు: ముందు చెవులతో. రైఫిల్ గుండు శబ్దం కన్నా వేగంగా వస్తుంది. అందుకే రెండు చప్పుళ్లు వినిపిస్తాయి. గుండు పక్క నుంచి పోయేటప్పుడు కొరడా ఝళిపించినట్టు ‘టప్’, కాసేపటికి తుపాకీ మూతి దగ్గర పుట్టిన ‘ధడ్’. మొదటిది మోసం చేస్తుంది. అది మన పక్కనే పుట్టినట్టు ఉంటుంది, కొత్త సిపాయి తల అటే తిప్పుతాడు. కాల్చినవాడు రెండో చప్పుడు వచ్చిన దిక్కున ఉంటాడు. రెండింటి మధ్య వ్యవధిని బట్టి దూరం అంచనా. ఆనాటి రైఫిళ్లకు 400 మీటర్ల దగ్గర ఆ వ్యవధి అర సెకను మీద కాస్త అటూ ఇటూ. అర సెకను కొలవడానికి గడియారం చాలదు, వేగంగా అంకెలు లెక్కపెట్టే లయను ముందే అభ్యాసం చేసేవారు. ఇళ్ల మధ్య, లోయల్లో ఈ విద్య పనిచేయదు. గోడలు ఒక చప్పుడును నాలుగు చేసి పంపుతాయి.

తర్వాత కళ్లతో. స్నైపర్‌ని పట్టించేది అతని ఒళ్లు కన్నా అతని తుపాకీ మూతి. నేలకి దగ్గరగా పేలిస్తే దుమ్ము లేస్తుంది, మంచయితే తెల్లటి పొడి, గడ్డి అయితే ఊగిసలాట. అందుకే మూతి కింద నేలను తడపడం, తడిగుడ్డ పరవడం, మంచును గట్టిగా అదమడం. కిటికీలోంచి మూతి బయటపెట్టేవాడు పచ్చి కొత్తవాడు. తెలిసినవాడు గదిలో బాగా వెనక్కి, చీకట్లో కూర్చుంటాడు. ఒంటరి చెట్టు, కూలిన బండి, గుడి గోపురంలా దూరానికి కొట్టొచ్చినట్టు కనిపించే ఏ చోటూ మంచిది కాదు, ఎదుటివాడి ఫిరంగి పటంలో అది ముందే గుర్తుపెట్టి ఉంటుంది. ఒకచోట నుంచి ఒకటి రెండు గుళ్లకు మించి కాల్చకుండా, ముందే చూసిపెట్టుకున్న మరో చోటికి జారుకోవాలి.

బొమ్మ తలలు ఎత్తి చూపే ఎర మొదటి ప్రపంచ యుద్ధంలోనే బాగా సాగింది. బ్రిటిష్ మేజర్ హెస్కెత్-ప్రిచర్డ్ కాగితపు గుజ్జుతో చేసిన తలలు వాడించాడు. గుండు దూసుకుపోయాక ముందు రంధ్రం, వెనక రంధ్రం కలిపి చూస్తే కాల్చినవాడి వైపు గీత గీసినట్టే. ఆ ఎర రెండో యుద్ధంలోనూ పనిచేసింది. కాకపోతే అప్పటికి ఎదుటివాళ్లూ ఆ పాఠం చదివినవాళ్లే. కదలకుండా ఒకేచోట నిలిచే తలను ఎవరూ నమ్మేవారు కాదు.

జంటగా పనిచేయడం ఇందుకే. ఒకరు కాల్చడానికి, ఒకరు చూడటానికి. బ్రిటిష్ జంట దగ్గర ఇరవై రెట్ల స్కౌట్ రెజిమెంట్ టెలిస్కోప్ ఉండేది. చూడటమే అసలు శ్రమ. అరగంటకు మించి అదేపనిగా చూస్తే కన్ను ఉన్నదాన్ని వదిలేసి లేనిదాన్ని చూపిస్తుంది. అందుకని ఇద్దరూ పని మార్చుకునేవారు.

ప్రశ్న: స్టాలిన్‌గ్రాడ్‌లో జైత్సెవ్‌కీ జర్మన్ మేజర్ కోనిగ్‌కీ జరిగిన పోరు నిజమేనా? (తిరుపతి)

జవాబు: సోవియట్ స్నైపర్ వాసిలీ జైత్సెవ్ నిజం. 1942 నవంబరు, డిసెంబరుల్లో అతని ఖాతాలో 225 మందిని రాసిన సోవియట్ లెక్క ఉంది. ఆ మేజర్ మాత్రం జర్మన్ రికార్డుల్లో దొరకలేదు. చరిత్రకారుల్లో చాలామంది ఆ పోరును ప్రచారకథగానే చూస్తారు. ఆ కథతో వచ్చిన సినిమా చూసి ఆనందించండి, పరీక్షలో రాయకండి.

ప్రశ్న: అద్దాల తయారీలో జర్మనీదే పైచేయి కదా, స్నైపర్ల విషయంలో ఎందుకు వెనకబడింది? (సికింద్రాబాద్)

జవాబు: అద్దం లోపం కాదు, ఆలోచన లోపం. రెండు యుద్ధాల మధ్య జర్మన్ సైన్యం స్నైపర్ శిక్షణను పక్కన పెట్టింది. తర్వాత హడావుడిగా పెద్ద సంఖ్యలో చేసిన జెడ్.ఎఫ్. 41 దుర్భిణి ఒకటిన్నర రెట్లే. దాన్ని జర్మన్ సిపాయి మామూలు తుపాకీ అయిన కార్బైన్ 98కె వెనక గురి దగ్గర, కంటికి చాలా దూరంగా బిగించారు. క్లిప్పు ఎక్కించడానికి దారి ఉంచడం ఒక్కటే దాని లాభం. అందులో చూస్తే గొట్టంలోంచి నాణెం చూసినట్టుంటుంది, చుట్టుపక్కల ఏమీ తెలియదు, సాయంత్రమైతే అసలే కనిపించదు. అసలు పని చేసినవి నాలుగు రెట్ల దుర్భిణులు బిగించిన 98కెలే. అయితే వాటికి బిగింపులు రకరకాలు. ఒకదాని విడిభాగం ఇంకోదానికి పట్టదు. ముందు వరుసలో ఒక మర పోతే తుపాకీ మూలపడినట్టే.

ప్రశ్న: బర్మాలో జపాన్ స్నైపర్లు చెట్లెక్కి కూర్చునేవారట. దొరికిపోరా? (శ్రీకాకుళం)

జవాబు: కొందరు తమను తాము చెట్టుకి కట్టేసుకునేవారు కూడా. అంటే దిగే ఉద్దేశం లేదన్నమాట. వాళ్ల టైప్ 97 రైఫిల్ 6.5 మి.మీ.ది. చిన్న తూటా, పొడుగు బ్యారెల్. మందు దాదాపు మొత్తం లోపలే మండిపోయేది, మెరుపూ పొగా బాగా తక్కువ. దట్టమైన అడవిలో చూపు ఎలాగూ వంద గజాలు దాటదు కాబట్టి రెండున్నర రెట్ల దుర్భిణి చాలు. దాన్ని ఎడమకి తప్పించి బిగించారు, అందుకే క్లిప్పు వాడుకోగలిగారు. అయితే ఆ దుర్భిణికి తిప్పే డ్రమ్ములు లేవు. గురి ఫ్యాక్టరీలోనే కుదిర్చి పంపేవారు. దారిలో దెబ్బ తగిలి గురి తప్పితే సిపాయి చేయగలిగింది, లోపలి గీతల్లో ఏ గీత దగ్గర గుండు పడుతోందో గుర్తుపెట్టుకుని ఆ గీతతో కాల్చడమే.