బండి సందేహాలు: ఒకటో సిలిండర్ ఏ వైపు?

సిలిండర్ల నంబర్లు, ఫైరింగ్ ఆర్డర్ (సిలిండర్లు ఒకదాని తర్వాత ఒకటి పేలే వరస) మీద వచ్చిన ప్రశ్నలను ఈసారి ఒకచోట చేర్చాం. అన్నీ నాలుగు సిలిండర్ల ఇంజన్ల గురించే.

ప్రశ్న: మా కారుది కె9కె 1.5 లీటర్ల డీజిల్ ఇంజన్. ఐడిల్‌లో బండంతా ఊగుతోంది. స్కానర్ పెడితే పి0201, అంటే ఒకటో ఇంజెక్టర్ సర్క్యూట్ అని వచ్చింది. మెకానిక్ టైమింగ్ బెల్టు వైపు చివర ఉన్న ఇంజెక్టర్ మార్చాడు. బిల్లు పెద్దదే అయింది, కోడ్ మాత్రం పోలేదు. ఇప్పుడు ఈసీఎం, అంటే ఇంజన్‌ని నడిపించే కంప్యూటర్ పోయిందంటున్నారు. నిజమేనా అండీ? (నెల్లూరు నుంచి ఒక పాఠకుడు)

జవాబు: ఈసీఎం జోలికి అప్పుడే పోకండి. మీవాళ్లు మార్చింది నాలుగో ఇంజెక్టర్‌ని.

మారుతి, హ్యుందాయ్, టయోటా, హోండా ఇంజన్ల మీద చెయ్యి తిరిగిన మెకానిక్‌కి ఒకటో నంబరంటే టైమింగ్ చెయిన్ లేదా బెల్టు ఉన్న చివర. గేర్‌బాక్స్‌ని ఆనుకుని ఉన్నది నాలుగు. ఆ బళ్లకు ఇది సరైన లెక్కే. రెనో వాళ్ల లెక్క దీనికి తిరగబడి ఉంటుంది. ఫ్లైవీల్ పక్కనున్న, అంటే గేర్‌బాక్స్ వైపు సిలిండర్ ఒకటి, టైమింగ్ బెల్టు పక్కది నాలుగు. ప్యూజో, సిట్రోయెన్ ఇంజన్లదీ ఇదే పద్ధతి. కె9కె రెనో ఇంజన్ కాబట్టి అది డస్టర్‌లో ఉన్నా, టెర్రానోలో ఉన్నా, సన్నీలో ఉన్నా, వెరిటోలో ఉన్నా ఫ్లైవీల్ వైపు నుంచే లెక్కపెట్టాలి. బానెట్ మీద పేరు మారినంత మాత్రాన లెక్క మారదు.

ఇంకో సంగతి. పి0201 సర్క్యూట్ కోడ్. ఇంజెక్టర్ లోపల అరిగిపోయిందని కాదు, కరెంటు దారిలో తేడా ఉందని దాని అర్థం. ఇగ్నిషన్ ఆపి, ఫ్లైవీల్ వైపు ఇంజెక్టర్ కనెక్టర్ తీసి చూడండి. పిన్ను వెనక్కి జారిందా, పచ్చగా తుప్పు పట్టిందా, వైరు ఎక్కడైనా ఒరుసుకుపోయిందా? అక్కడేమీ లేకపోతే ఆ ఇంజెక్టర్ రెసిస్టెన్స్‌ని మల్టీమీటర్‌తో మిగతా మూడింటితో పోల్చండి. ఒక్కటే విడిగా కనిపిస్తే అప్పుడు దాన్ని అనుమానించాలి.

కొత్త ఇంజెక్టర్ వేసినప్పుడు దాని మీద చెక్కి ఉన్న అక్షరాలూ అంకెలూ కలిసిన కోడ్‌ని స్కానర్ ద్వారా ఈసీఎంలో ఎక్కించి ఉంటారు. అది ఏ నంబరు కింద ఎక్కించారో కనుక్కోండి. నాలుగో సిలిండర్‌లో కూర్చున్న ఇంజెక్టర్ కోడ్‌ని ఒకటో నంబరు కింద ఎక్కించి ఉంటే ఇప్పుడు రెండు సిలిండర్లకు డీజిల్ కొలత తప్పుతోంది. మీరు చెప్పిన ఊపులో కొంత వాటా దీనిదే కావచ్చు. నాలుగు కోడ్‌లనూ ఇంజెక్టర్ల మీద చదివి, ఫ్లైవీల్ వైపు నుంచి 1, 2, 3, 4 అని మళ్లీ ఎక్కించమనండి. పాత డీజిల్ బళ్లలో చేసినట్టు ఇంజన్ ఆడుతుండగా ఇంజెక్టర్ పైపు నట్టు వదులు చేసి ‘ఏది మిస్ అవుతోందో చూద్దాం’ అనే ప్రయోగం మాత్రం ఒప్పుకోవద్దు. కామన్ రైల్ పైపులో ఒత్తిడి వెయ్యి బార్ కూడా దాటగలదు. సన్నటి ధార చర్మంలోంచి లోపలికి దూసుకుపోతుంది.

ప్రశ్న: పాత అంబాసిడర్, పెట్రోల్. డిస్ట్రిబ్యూటర్ క్యాప్ మార్చేటప్పుడు ప్లగ్ వైర్లన్నీ ఒకేసారి పీకేశాను. గుర్తు పెట్టుకోలేదు. ఇప్పుడు సెల్ఫ్ కొడితే కార్బొరేటర్‌లోంచి దగ్గుతుంది, ఒక్కోసారి సైలెన్సర్‌లో పేలుతుంది. స్టార్ట్ అవదు. ఫైరింగ్ ఆర్డర్ 1-3-4-2 అని తెలుసు. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియట్లేదు. (తణుకు)

జవాబు: ఆర్డర్ మీకు తెలిసిందే కరెక్టు. మీకు తెలియాల్సినవి ఇంకో మూడు: ఒకటో సిలిండర్ ఏది, అది ఏ స్ట్రోక్‌లో ఉంది, డిస్ట్రిబ్యూటర్ లోపలి రోటర్ ఎటు తిరుగుతుంది.

అంబాసిడర్‌లో ఇంజన్ ముందు నుంచి వెనక్కి నిలువుగా ఉంటుంది కాబట్టి మొదటిది సులువు. రేడియేటర్ ఫ్యాన్ వైపున్నది ఒకటి, డ్రైవర్ వైపున్నది నాలుగు.

రెండోదాని దగ్గరే చాలామంది తప్పుతారు. పిస్టన్ పై చివరికి రావడం (దాన్నే టిడిసి అంటారు) ఒక్కటే చూసి అదే స్పార్క్ పడే చోటనుకుంటారు. నాలుగు స్ట్రోకులు పూర్తవడానికి క్రాంక్ రెండు చుట్లు, అంటే 720 డిగ్రీలు తిరగాలి. అందులో పిస్టన్ రెండుసార్లు పైకి వస్తుంది. ఒకసారి కంప్రెషన్ చివర, ఇంకోసారి ఎగ్జాస్ట్ చివర. పుల్లీ మీది గాటు రెండుసార్లూ ముల్లుకి ఎదురుగానే నిలబడుతుంది, అది చూసి తేడా చెప్పలేం. నాలుగు ప్లగ్గులూ తీసేయండి, చేత్తో తిప్పడం తేలికవుతుంది. గేరు న్యూట్రల్‌లో పెట్టి, ఒకటో ప్లగ్ రంధ్రం మీద ఒకరు బొటనవేలు అదిమి పట్టుకోండి. ఇంకొకరు ముందునుంచి హ్యాండిల్‌తోనో, పుల్లీ నట్టుకి స్పానర్ వేసో గడియారం ముల్లు తిరిగే దిక్కుగా మెల్లగా తిప్పాలి. గాలి వేలిని తోసుకుని బయటికి తన్నితే అదే కంప్రెషన్. అక్కడి నుంచి గాటు ముల్లుకి ఎదురుగా వచ్చేదాకా తిప్పి ఆపండి. నమ్మకం కుదరకపోతే టప్పెట్ కవర్ తీసి చూడండి. ఒకటో సిలిండర్ రాకర్లు రెండూ వదులుగా ఆడాలి. నాలుగో సిలిండర్‌లో ఒక వాల్వు మూసుకుంటూ ఇంకోటి తెరుచుకుంటూ ఉండాలి. ఒకటో దాని రాకర్లు బిగుసుకుని ఉంటే మీరున్నది ఎగ్జాస్ట్ చివర, ఇంకో పూర్తి చుట్టు తిప్పాలి.

ఇప్పుడు క్యాప్ తీసి రోటర్ ఎటు చూస్తోందో ఇంజన్ మీద చాక్‌పీస్‌తో గీత పెట్టండి. క్యాప్ మళ్లీ పెడితే ఆ గీతకు నేరుగా ఉన్న టవర్ (క్యాప్ మీద వైరు గుచ్చే బొడిపె) ఒకటో వైరుది. క్యాప్ మీద ఇంతకుముందు ఎవరో రాసిన 1 ని నమ్మొద్దు. ఎప్పుడో డ్రైవ్ షాఫ్ట్ ఒక పన్ను పక్కకు వేసి, వైర్లు జరిపి నడిపించిన బళ్లు చాలా ఉంటాయి.

రోటర్ దిక్కు సంగతికొస్తే, ఈ ఇంజన్ మూలం బ్రిటిష్ కంపెనీ బిఎంసి వారి బి-సిరీస్. దానిలో రోటర్ గడియారానికి ఎదురు దిక్కున తిరుగుతుంది. క్యాప్ తీసి సెల్ఫ్ ఒక్క క్షణం తాకించి కళ్లతో చూసుకోండి. ఏ బండికైనా ఇదే మంచి అలవాటు. ఒకటో టవర్ నుంచి ఆ తిరిగే దిక్కులోనే 3, 4, 2 వైర్లు వరసగా పెట్టండి. గడియారం దిక్కున పెడితే ఇంజన్‌కి అందేది 1-2-4-3. రెండు, మూడు తారుమారవుతాయి.

తప్పు ఎక్కడుందో శబ్దమే చాలావరకు చెబుతుంది. ఆర్డర్‌లో పక్కపక్కనున్న రెండు వైర్లు, ఉదాహరణకి 1, 3 మారాయనుకోండి. మూడో సిలిండర్‌లో పిస్టన్ కిందనే ఉండి, ఇన్లెట్ వాల్వు పూర్తిగా మూసుకోకముందే స్పార్క్ పడుతుంది, మంట కార్బొరేటర్‌లోకి తన్నుతుంది. ఒకటో సిలిండర్‌లోనేమో ఎగ్జాస్ట్ తెరుచుకునే వేళకి స్పార్క్ పడి సైలెన్సర్‌లో ఢామ్మంటుంది. మీ బండి లక్షణాలు దీనికే దగ్గరగా ఉన్నాయి. వైర్లన్నీ ఒక చుట్టు తేడాగా పెడితే, అంటే ఒకటి స్థానంలో నాలుగు, మూడు స్థానంలో రెండు పెడితే బండి అసలు అందుకోదు, దగ్గుతుందంతే. 1, 4 మాత్రమే మారితే ఇంకా తమాషా. మిగిలిన 2, 3 సరిగ్గా ఒక్కో చుట్టుకి ఒకసారి పేలుతాయి కాబట్టి ఐడిల్ అనుకున్నదానికన్నా నున్నగానే ఉంటుంది, లాగుడు మాత్రం సగం కూడా ఉండదు. దీన్ని పెట్రోల్ పంపు మీదకో, క్లచ్ మీదకో నెట్టేసి తిరిగేవాళ్లున్నారు.

ప్రశ్న: సార్, 1-2-3-4 అని వరసగా ఎందుకు పేలదు? 1-3-4-2 లో ప్రత్యేకత ఏమిటి? (పాలిటెక్నిక్ విద్యార్థి, వరంగల్)

జవాబు: కారణం క్రాంక్ ఆకారం. మామూలు ఇన్‌లైన్ నాలుగు సిలిండర్ల ఇంజన్‌లో 1, 4 పిస్టన్లు జంటగా పైకి వస్తే 2, 3 జంటగా కిందికి పోతాయి. ప్రతి 180 డిగ్రీలకు ఒకటి పేలాలి. ఒకటి పేలాక సగం చుట్టులో పైకి వచ్చేవి 2, 3 మాత్రమే. కాబట్టి తర్వాతి వంతు ఆ రెంటిలో ఒకదానిదే. దాని తర్వాత 4, చివరికి మిగిలింది. లెక్క వేస్తే 1-3-4-2, 1-2-4-3 తప్ప మూడో దారి లేదు. ఒక్కోసారి 1-3-4-2 లో ఊపు తక్కువ అని చెబుతుంటారు. క్రాంక్ రెండింటికీ ఒకటే, పేలుళ్ల మధ్య దూరమూ ఒకటే. తేడా అంతా వాల్వులను తెరిచే క్యామ్‌షాఫ్ట్‌లో ఉంది. ఫోర్డ్ మోడల్ టి 1-2-4-3 తోనే నడిచింది. తర్వాత దశాబ్దాలకు వచ్చిన ఫోర్డ్ కెంట్ ఇంజన్లూ అంతే. ఇవాళ దాదాపు అందరూ 1-3-4-2 వాడుతున్నారు.

1-2-3-4 సమాన దూరంలో పేలాలంటే పిస్టన్లు పైన, కింద, పైన, కింద అని ఉండే క్రాంక్ కావాలి. అది చేయొచ్చు, కానీ ముందు సగం, వెనక సగం ఒకదానికొకటి అద్దంలో బొమ్మలా ఉండవు కాబట్టి ఇంజన్ ముందు కొన, వెనక కొన ఎత్తి దించినట్టు ఊగుతుంది. పైన, కింద, కింద, పైన అనే అమరికలో ఆ ఊపు దానికదే రద్దవుతుంది.

పరీక్షకి పనికొచ్చే ఇంకో సంగతి: 1-3-4-2 ని ఇంజన్ ఆ చివర నుంచి లెక్కపెట్టి చూడండి. 1 ని 4, 3 ని 2 చేస్తే 4-2-1-3 వస్తుంది. ఒకటి నుంచి చదివితే మళ్లీ 1-3-4-2. అందుకే ఆర్డర్ చూసి ఒకటో నంబరు ఏ చివరో కనిపెట్టలేం. నెల్లూరు బండికి జరిగింది కూడా ఇదే, ఆర్డర్ ఎటు నుంచి చూసినా సరిపోతుంది కాబట్టి అనుమానం రాలేదు.

ప్రశ్న: టప్పెట్ సెట్టింగ్‌కి, అంటే వాల్వుల గ్యాప్ సరిచేయడానికి ఒక్కో సిలిండర్‌ని టిడిసికి తెచ్చుకుంటూ నాలుగుసార్లు తిప్పాలా? (ఖమ్మం)

జవాబు: అక్కర్లేదు, రెండుసార్లు చాలు. 1-3-4-2 ఇంజన్‌లో ఒకటోది కంప్రెషన్ టిడిసిలో ఉన్నప్పుడు ఒకటో దాని రెండు వాల్వులు, రెండో దాని ఇన్లెట్, మూడో దాని ఎగ్జాస్ట్ ఫీలర్ గేజ్‌తో సెట్ చేయొచ్చు. క్రాంక్‌ని సరిగ్గా ఒక చుట్టు తిప్పి నాలుగో దాని రెండూ, మూడో దాని ఇన్లెట్, రెండో దాని ఎగ్జాస్ట్ పూర్తిచేయండి. 1-2-4-3 ఇంజన్‌లో 2, 3 ల పాత్రలు మారతాయి. గ్యాప్ ఎంతో, వేడి మీదా చల్లగానా అన్నది మీ బండి మాన్యువల్ చెప్పినట్టే.

అంబాసిడర్ పెట్రోల్ వాళ్లకి ఇంకా తేలిక పద్ధతి ఉంది, తొమ్మిది లెక్క. ముందునుంచి వాల్వులకు 1 నుంచి 8 దాకా నంబర్లు వేసుకోండి. ఎనిమిదోది పూర్తిగా తెరుచుకున్నప్పుడు ఒకటోది సెట్ చేయాలి, ఆరోది తెరుచుకున్నప్పుడు మూడోది, నాలుగోది తెరుచుకున్నప్పుడు అయిదోది. రెండూ కూడితే ఎప్పుడూ తొమ్మిదే.

ప్రశ్న: 1.2 పెట్రోల్ కారు. ప్రతి ప్లగ్ మీదా విడి కాయిల్. చెక్ లైట్ వెలిగి పి0302 వచ్చింది. నాలుగు కాయిల్స్, నాలుగు ప్లగ్గులు మార్చాలంటున్నారు. (బెంగళూరు)

జవాబు: ముందు పైసా ఖర్చులేని పరీక్ష చేయండి. పి0300 అంటే ఏదో ఒకటని చెప్పలేని మిస్‌ఫైర్ (సిలిండర్ సరిగ్గా పేలకపోవడం), చివరి అంకె 1 నుంచి 4 అయితే అది సిలిండర్ నంబరు. మీది రెండోది. ఇంజన్ అడ్డంగా ఉన్న బండిలో ఎడమ, కుడి అని లెక్కపెట్టకుండా టైమింగ్ చెయిన్ వైపు నుంచి రెండోది పట్టుకోండి, ఫ్రెంచ్ ఇంజన్ కాకపోతే. ఇంజన్ చల్లారాక రెండో కాయిల్‌ని మూడో దాని మీద, మూడో దాన్ని రెండో దాని మీద పెట్టండి. కనెక్టర్లు మాత్రం ఎవరివి వాళ్లకే ఉండాలి. కోడ్ చెరిపి, అంతకుముందు మిస్ అయిన స్పీడులోనే నడపండి. పి0303 వస్తే ఆ కాయిలే దొంగ, ఒక్కటి మారిస్తే చాలు. పి0302 గానే నిలిస్తే ప్లగ్గులు అదే విధంగా మార్చి చూడండి. అప్పుడూ కదలకపోతే ఇంజెక్టర్, ఆపైన కంప్రెషన్. చెక్ లైట్ ఆగి ఆగి వెలుగుతుంటే మాత్రం పరీక్ష కోసం కూడా దూరం నడపొద్దు. కాలని పెట్రోల్ క్యాటలిటిక్ కన్వర్టర్‌లోకి చేరి అక్కడ మండి దాన్ని కరిగిస్తుంది, కాయిల్ కన్నా అది చాలా ఖరీదు.

నాలుగు ప్లగ్గులకు రెండు కాయిల్సే ఉన్న బళ్లలో 1-4 ఒక జంట, 2-3 ఒక జంట. జంటలో రెండు సిలిండర్లూ ఒకేసారి మిస్ అవుతుంటే ఉమ్మడి కాయిల్‌నీ దాని కనెక్టర్‌నీ చూడాలి. ఇలాంటి వాటిలో 1, 4 వైర్లు అటూఇటూ పెట్టినా బండి నడుస్తుంది, ఎందుకంటే స్పార్క్ రెండింటికీ ఒకేసారి పడుతుంది.

ప్రశ్న: మాది సుబారు. పి0303 వచ్చింది. సిలిండర్లు రెండు వైపులా ఉన్నాయి, మూడోది ఏది? (డాలస్ నుంచి ఒక పాఠకురాలు)

జవాబు: మీ ఇంజన్ బాక్సర్, అంటే రెండు సిలిండర్లు ఇటు, రెండు అటు పడుకుని ఉంటాయి. అమెరికా బండిలో ప్యాసింజర్ వైపు 1, 3. డ్రైవర్ వైపు 2, 4. రేడియేటర్‌కి దగ్గరివి 1, 2. కాబట్టి మూడోది ప్యాసింజర్ వైపు, వెనకది. ఫైరింగ్ ఆర్డర్ 1-3-2-4. కాయిల్ మార్పిడి పరీక్ష పైన చెప్పినట్టే. ఒకే వైపున ఉన్న ఒకటో దానితో మార్చి చూడండి, రెండు వైపులా విప్పే పని తప్పుతుంది.