రాజకీయాల వల్ల సొంతవాళ్లతో మాటలు పోయాయా? మా ఇంట్లో జరిగింది చెబుతాను

రాజకీయాల వల్ల అయినవాళ్లతో మాటలు పోయినవాళ్లున్నారా, ఏ దేశం చూసినా ఎందుకిలా చీలిపోతోంది అని అడిగారు. ఉన్నాం. మా నాన్న, బాబాయి 2024 జూన్ 4 నుంచి మాట్లాడుకోవడం లేదు.

ఆ రోజు ఆంధ్రప్రదేశ్‌లో ఓట్ల లెక్కింపు. ఇద్దరూ మా ఇంట్లోనే టీవీ ముందు కూర్చున్నారు. మధ్యాహ్నానికల్లా ఎటు పోతోందో తేలిపోయింది. 2019లో 175కి 151 సీట్లు గెలిచిన బాబాయి పార్టీ చివరికి 11 దగ్గర ఆగింది. బాబాయి ఫోన్ బోర్లా పెట్టేసి నేలకేసి చూస్తూ ఉండిపోయారు. నాన్న టీవీ సౌండ్ ఇంకా పెంచారు.

"అన్నయ్యా, కాస్త తగ్గించు."

"ఐదేళ్ల కిందట నువ్వు తగ్గించావా?"

బాబాయి లేచి చెప్పులేసుకున్నారు. నేను వెళ్లి టీవీ కట్టేసి ఉండాల్సింది. కట్టలేదు.

నన్నడిగితే తప్పు వాళ్లిద్దరిదీ కాదు. ఒక్క ఓటు ఎక్కువొచ్చినా సీటు వాళ్లదే అనే మన ఎన్నికల పద్ధతిది. ఆ 11 సీట్ల పార్టీకి 39 శాతం పైనే ఓట్లొచ్చాయి. అంటే ఐదుగురిలో దాదాపు ఇద్దరు. వాళ్లకు అసెంబ్లీలో గొంతే లేకుండా పోయింది. గెలిచినవాళ్లేమో రాష్ట్రం మొత్తం తమ వైపే ఉందనుకుంటారు. 2019లోనూ అంతే. సగం ఓట్లకు 151 సీట్లు రాగానే అమరావతి పనులు ఆగాయి, మూడు రాజధానులన్నారు. ప్రభుత్వం మారగానే మళ్లీ అమరావతి. మధ్యలో నలిగింది భూములిచ్చిన రైతులు. ఇక టీవీ చర్చల గురించి చెప్పకపోవడమే మంచిది. ఛానల్ పేరు వింటే పార్టీ పేరు తెలిసిపోతుంది, ఓడినవాళ్లను వెక్కిరించడమే విశ్లేషణ అయిపోయింది.

బ్రిటన్‌దీ ఇదే పద్ధతి. 2024 జులైలో లేబర్ పార్టీకి మూడో వంతు ఓట్లతోనే 650లో 400 పైగా సీట్లొచ్చాయి. బంగ్లాదేశ్‌లోనూ ఇదే. ప్రధాన ప్రతిపక్షం బహిష్కరించిన 2024 జనవరి ఎన్నికల్లో షేక్ హసీనా భారీగా గెలిచారు. సభలో గట్టిగా ఎదురు చెప్పేవాళ్లు లేరు, వీధులు నిండాయి, ఆగస్టు 5న ఆమె దేశం విడిచి వెళ్లారు. న్యూజీలాండ్ 1996 ఎన్నికల నుంచి ఓట్ల శాతాన్ని బట్టి సీట్లిస్తోంది. మనమెందుకు ఆలోచించం?

పోయిన వారం బాబాయి కూతురి పెళ్లి కార్డు కొరియర్‌లో వచ్చింది. వాళ్లిల్లు రెండు వీధుల అవతల. నాన్న ఆ కార్డు చాలాసేపు చేతిలోనే పట్టుకుని కూర్చున్నారు. పెళ్లికింకా పన్నెండు రోజులుంది. ఈ సాయంత్రం నాన్నను తీసుకుని బాబాయి ఇంటికి వెళ్తున్నాను.